మెండింగ్ ఉన్నా పికాక్స్ ఎందుకు అరిగిపోయింది: ఒక మైన్‌క్రాఫ్ట్ కేసు

నేపథ్యం

విశాఖపట్నంలో చదువుకుంటున్న ముగ్గురు విద్యార్థులు మైన్‌క్రాఫ్ట్ అనే బ్లాకుల ఆటలో, ఒక సర్వైవల్ సర్వర్‌లో (సరుకంతా తామే సంపాదించుకుంటూ ఆడే చోటు) వైజాగ్ రేవు నమూనా కడుతున్నారు. ఎడిషన్ జావా, వెర్షన్ 1.20 తర్వాతది. బెడ్‌రాక్ అనే ఇంకో ఎడిషన్‌లో ఆన్విల్ (వస్తువులను మరమ్మతు చేసే, పుస్తకాలతో శక్తులు ఎక్కించే దిమ్మ) లెక్కలు కొన్ని వేరుగా ఉంటాయి కాబట్టి ఇక్కడి అంకెలను అక్కడికి తీసుకెళ్లకండి. వాళ్ల అనుమతితోనే ఈ కేసు రాస్తున్నాం. పేర్లు, సర్వర్ వివరాలు తీసేశాం. చేసే పనిని బట్టి వాళ్లను తవ్వేవాడు, కట్టేవాడు, సరుకు చూసేవాడు అని పిలుద్దాం.

నమూనాలో ఒక పక్క డాల్ఫిన్స్ నోస్ కొండ, దాని మీద లైట్‌హౌస్. ఎదురుగా రాస్ హిల్ చర్చి, దర్గా కొండ, వెంకటేశ్వరస్వామి కొండ. ఈ రెండు వరుసల మధ్య ఓడలు లోపలికి వచ్చే కాలువ. 1933లో ఓడల రాకపోకలు మొదలైన పోర్టుకు ప్రాణం ఆ కాలువే కదా, నమూనాలో కూడా దాన్నే ముందు తీయాలని పట్టుబట్టారు. ఎంచుకున్న చోట నిండా రాతి గుట్టలే. వెడల్పు 48, లోతు 20, పొడవు 160 బ్లాకులు. గుణిస్తే 1,53,600 బ్లాకులు, దాదాపు అంతా రాయే. తీసిన రాయి గోదాముల గోడలకు స్టోన్‌గానే కావాలి, మామూలుగా తవ్వితే వచ్చే కాబుల్‌స్టోన్‌గా వద్దు. అందుకే తవ్వేవాడి డైమండ్ పికాక్స్ మీద బ్లాకును ఉన్నదున్నట్టే ఇచ్చే సిల్క్ టచ్ అనే ఎన్‌చాంట్‌మెంట్ (వస్తువుకు ఎక్కించే శక్తి) ఉంది. దానితో పాటు తవ్వే వేగం పెంచే ఎఫిషియెన్సీ 5, ఎక్స్‌పీ (ఆటలో సంపాదించే అనుభవ పాయింట్లు) తీసుకుని అరుగుదలను సరిచేసే మెండింగ్. పక్కనే నాలుగంతస్తుల బీకన్ (చుట్టూ ఉన్నవాళ్లకు శక్తి ఇచ్చే దీపం), దాని నుంచి తవ్వే వేగాన్ని ఇంకా పెంచే హేస్ట్ 2.

వచ్చిన సమస్య

తవ్వేవాడి ఫిర్యాదు ఒక్క వాక్యం: "మెండింగ్ ఉన్నా గానీ పికాక్స్ అరిగిపోతోందన్నా, సర్వర్‌లో ఏదో తేడా ఉంది." అప్పటికే ఒక పికాక్స్ చేతిలోనే విరిగిపోయింది. రెండోదాన్ని ఆన్విల్ మీద పెడితే "టూ ఎక్స్‌పెన్సివ్" అని ఎర్ర అక్షరాలు వస్తున్నాయి.

ప్లగిన్ల మీద అనుమానపడే ముందు ఎఫ్3, హెచ్ కలిపి నొక్కమన్నాం. అప్పుడు ఇన్వెంటరీలో వస్తువు మీద కర్సర్ పెడితే డ్యూరబిలిటీ (విరిగేలోపు ఇంకెంత వాడొచ్చో చెప్పే లెక్క) అంకెల్లో కనిపిస్తుంది. ఆకుపచ్చ గీతను చూసి ఇంకా చాలా ఉందనుకోవడం, తీరా విరిగాక అవాక్కవడం చాలామందికి జరిగేదే. అంకె రాసుకుని సరిగ్గా 200 రాతి బ్లాకులు తవ్వమన్నాం. అంకె సరిగ్గా 200 తగ్గింది. అరుగుదలను తగ్గించే అన్‌బ్రేకింగ్ 3 ఉంటే సుమారు 50 తగ్గాలి. ఒక్క పాయింటు కూడా తిరిగి పెరగలేదు, అంటే మెండింగ్‌కు ఎక్స్‌పీ అందడం లేదు. సర్వర్‌లో తప్పేమీ లేదని ఆ రెండు అంకెలతోనే తేలిపోయింది.

ఎఫిషియెన్సీ 5, హేస్ట్ 2 కలిస్తే డైమండ్ పికాక్స్ రాతిని తాకగానే తీసేస్తుంది, సెకనుకు 20 బ్లాకుల దాకా. డైమండ్ పికాక్స్ డ్యూరబిలిటీ 1561. అన్‌బ్రేకింగ్ లేకపోతే ఆపకుండా తవ్విన 78 సెకన్లలో కొత్త పికాక్స్ అయిపోతుంది. నడక, పక్కకు జరగడం కలుపుకున్నా కొద్ది నిమిషాల ఆయుష్షే. మామూలు గనిలో వారం రోజులు వచ్చే పనిముట్టు ఇక్కడ ఒక పూట కూడా రాలేదంటే కారణం ఆ వేగం. బీకన్ పెట్టుకున్న రోజే అన్‌బ్రేకింగ్ గురించి ఆలోచించి ఉండాల్సింది. తవ్వేవాడు మాత్రం "మెండింగ్ ఉండగా అన్‌బ్రేకింగ్ దేనికి" అనుకున్నాడు. ఈ కేసు రాయడానికి కారణం ఆ అనుకోవడమే.

ఆ రెండూ చేసే పని ఒకటి కాదు. బీచ్ రోడ్డు ఇళ్లలో కిటికీ గ్రిల్‌కు రెడ్ ఆక్సైడ్ పూస్తే తుప్పు నెమ్మదిస్తుంది, తుప్పు తిన్న చోట మాత్రం వెల్డింగ్ వాడు వచ్చి కొత్త కమ్మీ వేయాల్సిందే. అన్‌బ్రేకింగ్ ఆ పూత, మెండింగ్ ఆ వెల్డింగ్. వెల్డింగ్‌కు కూలి ఇవ్వాలి, ఇక్కడ ఆ కూలి ఎక్స్‌పీ.

చేసి చూసినవి, పని చేయనివి

మా దగ్గరికి రాకముందు వాళ్లు చేసింది వజ్రాలతో ఆన్విల్ మరమ్మతు. ఒక్కో వజ్రం గరిష్ఠ డ్యూరబిలిటీలో 25 శాతం, అంటే 390 తిరిగి ఇస్తుంది. నాలుగు వజ్రాలకు 1560. పద్ధతి తప్పు కాదు, కానీ ఆన్విల్ ప్రతి పనినీ గుర్తు పెట్టుకుంటుంది. ఒక వస్తువు మీద ఆన్విల్ పని జరిగిన కొద్దీ తర్వాతి పనికి కలిసే అదనపు లెవెళ్లు (ఎక్స్‌పీ పోగైతే పెరిగే మెట్లు, ఆన్విల్ ఖర్చు వీటిలోనే) 1, 3, 7, 15, 31, 63 అని పెరుగుతూ పోతాయి. మొత్తం ఖర్చు 40 లెవెళ్లకు చేరిందంటే సర్వైవల్‌లో ఆ పని ఇక జరగదు.

ఆ పికాక్స్‌కు మూడు పుస్తకాలు ఒక్కొక్కటిగా ఎక్కించారు కాబట్టి మరమ్మతుకు ముందే అదనం 7. మొదటి మరమ్మతుకు 4 వజ్రాలకు 4, అదనం 7, మొత్తం 11 లెవెళ్లు. రెండోదానికి 19. మూడోదానికి 35. నాలుగోసారి అదనమే 63, తలుపు మూసుకుపోయింది. 12 వజ్రాలు, 65 లెవెళ్లు పోసి సంపాదించింది 4,680 బ్లాకుల తవ్వకం. కాలువలో అది మూడు శాతం.

ఆ 65 లెవెళ్లను ఎక్స్‌పీ పాయింట్లుగా మారిస్తే అసలు నష్టం తెలుస్తుంది. సున్నా నుంచి 11వ లెవెల్‌కు 187 పాయింట్లు, 19కి 493, 35కి 2,045. మొత్తం 2,725. మెండింగ్ ఒక్కో పాయింటుకు 2 డ్యూరబిలిటీ తిరిగి ఇస్తుంది. అంటే అదే ఎక్స్‌పీ పికాక్స్ చేతిలో ఉండగా అందుకుని ఉంటే 5,450 డ్యూరబిలిటీ వచ్చేది, ఒక్క వజ్రం ఖర్చు కాకుండా. మెండింగ్ ఉన్న వస్తువును మరమ్మతు కోసం ఆన్విల్ మీద పెట్టడం రెండు విధాలా నష్టం. ఇంకో సంగతి, బార్‌లోకి చేరిపోయిన ఎక్స్‌పీని మెండింగ్ వెనక్కి తీసుకోలేదు. ఎక్స్‌పీ మోసుకొచ్చే ఆర్బ్‌లు (చిన్న గోళాలు) ఒంటికి తగిలే క్షణంలోనే దాని పని.

తర్వాత చేసింది ఎండ్ అనే లోకంలో వాళ్లకున్న ఎండర్‌మ్యాన్ ఫారమ్‌లో (ఆ పేరున్న జీవులను పోగేసి, చంపి ఎక్స్‌పీ తీసుకునే చోటు) నిలబడటం. చోటు సరైనదే, నిలబడిన తీరు సరికాదు. మొదటిసారి కత్తి చేతిలో ఉంది, పికాక్స్ హాట్‌బార్‌లో (తెర అడుగున కనిపించే వస్తువుల వరుస) ఉంది. మెండింగ్ చూసేది చేతిలో ఉన్నవి రెండు, ఒంటి మీద తొడుక్కున్నవి నాలుగు, అంతే. హాట్‌బార్‌లో ఉన్నది దాని లెక్కలోకి రాదు, పికాక్స్‌కు సున్నా. రెండోసారి పికాక్స్‌ను చేత్తో పట్టుకుని దాంతోనే కొట్టాడు. పికాక్స్‌ను ఆయుధంగా వాడితే దెబ్బకు 2 డ్యూరబిలిటీ పోతుంది. పైగా మెండింగ్ ఉన్న కవచం నాలుగు ముక్కలూ సగం అరిగి ఉన్నాయి. దెబ్బతిన్న మెండింగ్ వస్తువులు ఎన్ని ఉంటే వాటిలో ఒకదాన్ని ఆట యాదృచ్ఛికంగా ఎంచి ఆ ఆర్బ్‌ను దానికి ఇస్తుంది. ఐదింటిలో పికాక్స్ వాటా సగటున ఐదో వంతు. "గంట నిలబడ్డా నిండట్లేదు" అన్న మాట అబద్ధం కాదు, నిండుతున్నది కవచం.

సరుకు చూసేవాడు ఎక్స్‌పీ బాటిళ్లు కొందామన్నాడు. మాస్టర్ స్థాయి క్లెరిక్ అనే గ్రామ వ్యాపారి దగ్గర బాటిల్ 3 ఎమరాల్డ్‌లు (ఆ వ్యాపారులు తీసుకునే పచ్చలు), పగిలితే 3 నుంచి 11 పాయింట్లు, సగటున 7. ఖాళీ అయిన డైమండ్ పికాక్స్ నిండడానికి 780 పాయింట్లు కావాలి. అంటే 112 బాటిళ్లు, 336 ఎమరాల్డ్‌లు, అదీ ఒక్కసారికి. మెండింగ్ పుస్తకం లైబ్రేరియన్ అనే ఇంకో వ్యాపారి దగ్గర 10 నుంచి 38 ఎమరాల్డ్‌లకు దొరుకుతుంటే ఇది దండగ. లెక్క కాగితం మీద చూడగానే తనే వద్దన్నాడు.

డైమండ్ కంటే గట్టిదైన నెథరైట్‌కు మార్చేద్దామన్న మాట కూడా వచ్చింది. దీని మీద కాస్త ఎక్కువసేపు కూర్చున్నాం, ఎందుకంటే పైకి అది సహజమైన పరిష్కారంలా కనిపిస్తుంది. నెథరైట్ పికాక్స్ డ్యూరబిలిటీ 2031, డైమండ్ కంటే 30 శాతం ఎక్కువ. అన్‌బ్రేకింగ్ 3 ఇచ్చే ఆయుష్షు నాలుగింతలు. కాబట్టి పుస్తకం ముందు, నెథరైట్ తర్వాత. అదలా ఉంచితే, రెండిటికీ అన్‌బ్రేకింగ్ 3 ఉందనుకుందాం. అప్పుడు ఒక ఎక్స్‌పీ పాయింటు, అంటే 2 డ్యూరబిలిటీ, సగటున 8 బ్లాకుల తవ్వకం. ఈ 8 డైమండ్‌కూ అంతే, నెథరైట్‌కూ అంతే. కాలువ మొత్తానికి కావలసిన ఎక్స్‌పీ 1,53,600ను 8తో భాగిస్తే 19,200. ఎండర్‌మ్యాన్‌కు 5 చొప్పున 3,840 ఎండర్‌మ్యాన్‌లు. నెథరైట్ ఈ అంకెను ఒక్క పాయింటు కూడా తగ్గించదు, ఎండ్‌కు వెళ్లొచ్చే ప్రయాణాలను కొన్ని తగ్గిస్తుంది. హేస్ట్ 2 ఉన్న చోట రాతి మీద వేగంలోనూ తేడా రాదు, రెండూ తాకగానే తీసేస్తాయి. ఒక ఇంగాట్‌కు 4 స్క్రాప్‌లు, 4 బంగారం, ఆ మార్పుకు కావలసిన టెంప్లేట్‌ను రెండుగా చేసుకోవడానికి 7 వజ్రాలు. వాటిని కవచానికి ఉంచుకోమన్నాం. నెథరైట్‌కు మార్చే స్మితింగ్ టేబుల్ ఎన్‌చాంట్‌మెంట్‌లతో పాటు ఆన్విల్ పాత అదనాన్ని కూడా అలాగే ఉంచుతుంది, కాబట్టి ఇరుక్కున్న పికాక్స్‌కు అక్కడ విడుదల లేదు.

అదే అన్‌బ్రేకింగ్ లేకపోతే? పాయింటుకు 2 బ్లాకులే. 76,800 ఎక్స్‌పీ, 15,360 ఎండర్‌మ్యాన్‌లు. తవ్వేవాడు మనసు మార్చుకున్నది ఈ అంకె దగ్గరే.

పని చేసినది

మూడు కొత్త డైమండ్ పికాక్స్‌లు సిద్ధం చేయమన్నాం. ఒకటి కాకుండా మూడు ఎందుకంటే, ప్రతిసారీ ఎండ్‌కు వెళ్లి రావడంలో పోయే సమయం పికాక్స్ నింపడానికి పట్టే సమయం కంటే ఎక్కువ. మూడిటికీ అన్‌బ్రేకింగ్ 3 ఉంటే ఒక విడతకు సగటున 18,700 బ్లాకులు, మొత్తం పనికి ఎనిమిది తొమ్మిది విడతలు.

అన్‌బ్రేకింగ్ కోసం పుస్తకం కొననక్కర్లేదని ముందే చెప్పాం. 15 బుక్‌షెల్ఫ్‌లు పెట్టిన ఎన్‌చాంటింగ్ టేబుల్ మీద 30వ లెవెల్ ఎన్‌చాంట్‌లో అన్‌బ్రేకింగ్ 3 తరచూ పడుతుంది. ఖర్చు 3 లెవెళ్లు, పాయింట్లలో 306. టేబుల్ మీద వచ్చినదానికి ఆన్విల్ అదనం సున్నా, అది పెద్ద లాభం. రెండు పికాక్స్‌లకు ఎఫిషియెన్సీ 4, అన్‌బ్రేకింగ్ 3 కలిసి వచ్చాయి. మూడోదానికి ఫార్చ్యూన్ (ఖనిజాల నుంచి ఎక్కువ సరుకు ఇచ్చే ఎన్‌చాంట్‌మెంట్) తగిలింది. ఫార్చ్యూన్, సిల్క్ టచ్ ఒకదానితో ఒకటి పొసగవు. దాన్ని గ్రైండ్‌స్టోన్‌లో గీసి మళ్లీ టేబుల్ మీద పెట్టారు. గ్రైండ్‌స్టోన్ శాపాలు తప్ప అన్నీ తీసేస్తుంది, కొంత ఎక్స్‌పీ తిరిగి ఇస్తుంది, ఆన్విల్ అదనాన్ని కూడా చెరిపేస్తుంది.

ఆన్విల్ మీద వరుస ఇలా పెట్టాం. పికాక్స్‌కు ఎఫిషియెన్సీ 4 పుస్తకం, రెండు నాలుగులు కలిసి ఐదు అవుతుంది, 5 లెవెళ్లు. విడిగా సిల్క్ టచ్ పుస్తకం మీద మెండింగ్ పుస్తకం, 2 లెవెళ్లు. ఆ జంట పుస్తకాన్ని పికాక్స్ మీద వేస్తే సిల్క్ టచ్‌కు 4, మెండింగ్‌కు 2, రెండు వైపులా అదనం ఒక్కొక్కటి, మొత్తం 8. అంతా కలిపి 15 లెవెళ్లు, చివర మిగిలిన అదనం 3. ఎడమ గడిలో సిల్క్ టచ్, కుడి గడిలో మెండింగ్ ఉండేలా చూడండి, తిరగేస్తే 2 బదులు 4 పడుతుంది. నాలుగు పుస్తకాలను ఖాళీ పికాక్స్‌కు ఒక్కొక్కటిగా ఎక్కించి ఉంటే 25 లెవెళ్లు, చివర అదనం 15. పేరు పెట్టాలనుకుంటే ఈ పనుల్లోనే ఒకదానితో కలిపి పెట్టాలి, ఒక లెవెల్‌తో పోతుంది. అన్నీ అయ్యాక విడిగా పెడితే ఉన్న అదనం కూడా కట్టాలి.

మూడు మెండింగ్ పుస్తకాలకు ఎమరాల్డ్‌లు కాగితం నుంచి. 24 కాగితాలకు ఒక ఎమరాల్డ్, మూడు చెరకు గడలకు మూడు కాగితాలు. కట్టేవాడి చెరకు తోట అప్పటిదాకా అందానికే ఉంది, ఆ రోజు నుంచి కూడు పెట్టింది.

తర్వాత ఫారమ్‌లో నిలబడే తీరు మార్చాం. కుడి చేతిలో మెండింగ్ లేని మామూలు కత్తి, ఎడమ చేతిలో అరిగిన పికాక్స్. కవచం తీసి షల్కర్ బాక్స్ అనే పెట్టెలో. ఇప్పుడు ప్రతి ఆర్బ్‌కూ ఉన్న దారి ఒక్కటే. పికాక్స్ నిండిన వెంటనే ఎక్స్‌పీ బార్ కదలడం మొదలవుతుంది, అదే గుర్తు. తర్వాతి పికాక్స్ ఎడమ చేతికి. ఒక్కో పికాక్స్‌కు 156 ఎండర్‌మ్యాన్‌లు. మూడూ అయ్యాక కవచం తొడుక్కుని ఇంకాసేపు ఉంటే దాని మరమ్మతూ అయిపోతుంది. కవచం లేకుండా నిలబడాలంటే ఫారమ్‌లో ఎండర్‌మ్యాన్‌లు తాకలేని గది ఉండాలి, లేని చోట ఈ పద్ధతి వద్దు.

ఎండ్‌కు వెళ్లలేని రోజులకు నెథర్ లోకంలో దొరికే క్వార్ట్జ్ ఖనిజం. ఒక్కో ఖనిజానికి 2 నుంచి 5 పాయింట్లు. తవ్వేది మెండింగ్ లేని వేరే పికాక్స్‌తో, కాలువ పికాక్స్ ఎడమ చేతిలో. సుమారు 220 ఖనిజాలకు డైమండ్ పికాక్స్ నిండుతుంది. క్వార్ట్జ్‌ను సిల్క్ టచ్‌తోనే తవ్వితే ఖనిజం బ్లాకుగా వస్తుంది, ఎక్స్‌పీ రాదు. ఇక్కడ చాలామంది పొరబడతారు. కాలువలో ఎక్స్‌పీ రాకపోవడానికి సిల్క్ టచ్ పూర్తి కారణం కాదు, రాయికి ఎలా తవ్వినా ఎక్స్‌పీ లేదు. మధ్యలో తగిలే బొగ్గు, రెడ్‌స్టోన్ లాంటి వాటి దగ్గరే సిల్క్ టచ్ అడ్డుపడుతుంది.

చివరిగా, విరగకుండా చూసుకోవడం. ఈ వేగంలో గీత ఎర్రబడేదాకా ఆగడం ప్రమాదం. మిగిలిన 100 డ్యూరబిలిటీ కూడా అన్‌బ్రేకింగ్ 3తో 20 సెకన్ల పనే, సర్వర్ ఒకసారి తడబడితే ఎన్ని బ్లాకులు పోయాయో తెలియదు. కాలువను అడ్డంగా కోతలుగా విభజించాం. ఒక కోత 48 ఇంటు 20, అంటే 960 బ్లాకులు, సగటున 240 డ్యూరబిలిటీ. అన్‌బ్రేకింగ్ పాచికల ఆట కాబట్టి పది పదిహేను అటూ ఇటూ అవుతుంది. నియమం: ప్రతి కోత చివర ఇన్వెంటరీ తెరిచి అంకె చూడాలి, 300 కంటే తక్కువ ఉంటే మార్చాలి. ఒక పికాక్స్ సుమారుగా ఆరు కోతలు ఇస్తుంది. బీకన్ పరిధి అన్ని వైపులా 50 బ్లాకులే, 160 పొడవుకు మధ్యలో దాన్ని జరపాల్సి వచ్చింది. కోతల లెక్క ఉండటంతో ఎప్పుడు జరపాలో కూడా తెలిసింది. ఈ నియమం పెట్టాక పికాక్స్ ఒక్కటీ విరగలేదు.

నేర్చుకున్నది

ఒకే పుస్తకం కొనగలిగితే ఏది ముందు అని వాళ్లు అడిగారు. ప్రతి వస్తువు గురించీ మేం వేసుకునే ప్రశ్న ఒక్కటే: ఇది చేసే పనిలో దీనికి ఎక్స్‌పీ పుడుతుందా? ఫిషింగ్ రాడ్ డ్యూరబిలిటీ 64 మాత్రమే, కానీ ఒక చేపకు పోయేది ఒక పాయింటు, వచ్చేది 1 నుంచి 6 ఎక్స్‌పీ. మెండింగ్ ఒక్కటే చాలు, అది ఎప్పటికీ అరగదు. కత్తి కూడా అంతే, ఒక జాంబీ 5 ఎక్స్‌పీ ఇస్తుంది, అంటే 10 డ్యూరబిలిటీ. రాయి తవ్వే పికాక్స్‌కు, పారకు, ఎగరడానికి తొడుక్కునే రెక్కలైన ఎలిట్రాకు పనిలో ఏమీ పుట్టదు. వాటికి అన్‌బ్రేకింగ్ ముందు. ఎలిట్రా సెకనుకు ఒక పాయింటు చొప్పున 7 నిమిషాలు ఎగురుతుంది, అన్‌బ్రేకింగ్ 3తో సగటున 28 నిమిషాలు దాటుతుంది.

కవచం దగ్గర లెక్క తిరగబడుతుంది, దీన్ని ఎంతమందికి చెప్పినా నమ్మరు. పనిముట్లకు అన్‌బ్రేకింగ్ 3 నాలుగింతల ఆయుష్షు ఇస్తుంది, కవచానికి సుమారు 43 శాతం మాత్రమే ఎక్కువ. అక్కడ సూత్రమే వేరు, ప్రతి దెబ్బకూ అరిగే అవకాశం 70 శాతం అలాగే ఉంటుంది. కవచం అరిగేది ఎక్కువగా పోరాటంలో, పోరాటంలో ఎక్స్‌పీ పుడుతుంది. కాబట్టి చేతిలో ఒకే మెండింగ్ పుస్తకం, ఒకే అన్‌బ్రేకింగ్ పుస్తకం ఉంటే మెండింగ్ ఛాతీ కవచానికి, అన్‌బ్రేకింగ్ పికాక్స్‌కు. చివరికి రెండూ అన్నిటికీ కావాలి, కానీ ఎమరాల్డ్‌లు చాలని మొదటి వారాల్లో ఈ వరుస చాలా ఆదా చేస్తుంది. కట్టేవాడి ఛాతీ కవచం మీద, కొట్టినవాడికే దెబ్బ తగిలించే థార్న్స్ 3 కూడా ఉంది. థార్న్స్ పని చేసిన ప్రతిసారీ కవచం అదనంగా అరుగుతుంది, ఆన్విల్ మీద ఆ పుస్తకం ఒక్కటే 12 లెవెళ్లు తింటుంది. కొత్త కవచానికి దాన్ని వద్దన్నాం.

"టూ ఎక్స్‌పెన్సివ్" అన్న పాత పికాక్స్‌ను లావాలో పడేస్తానన్నాడు తవ్వేవాడు. వద్దని చెప్పాం. దాని మీద మెండింగ్ ఉంది, మెండింగ్‌కు ఆన్విల్ అవసరం లేదు. అన్‌బ్రేకింగ్ ఎక్కించే దారి మూసుకుపోయింది కాబట్టి కాలువకు పనికిరాదు, గాజు, ఎండర్ చెస్ట్ లాంటివి జాగ్రత్తగా తీయడానికి ఎన్నాళ్లయినా పనికొస్తుంది. అది ఇప్పుడు లైట్‌హౌస్ అద్దాలు సర్దుతున్న కట్టేవాడి దగ్గర ఉంది.